ఎన్ని సున్నలు

కోట వీధి బడిలో కిటికీ తీస్తే
ముందు పోర్టు బొగ్గు లోపలికొస్తుంది,
తర్వాతే గాలి.
పొద్దున్నే బల్లలన్నీ తుడిపిస్తాను.
నల్లబల్లను మాత్రం వదిలేస్తాను,
అది ఎలాగూ నలుపే కదా అని.

ఆ మంగళవారం దాని మీద
కోటి తర్వాత ఏమొస్తుందో రాశాను.
సిలబస్‌లో లేదు. నాకే సరదా.
మా తాతకు ముప్పైయారు పేర్లు నోటికొచ్చు,
నాకు పదహారు దాటితే తడబాటు.
అర్బుదం, న్యర్బుదం, ఖర్వం, పద్మం,
క్షోణి, శంఖం...
బుగ్గలు పూరించి చదివించాను.

అర్బుదమంటే పది కోట్లని ఒక నిఘంటువు,
కాదు, వంద కోట్లని ఇంకొకటి.
మధ్యలో తొంభై కోట్లు ఏమయ్యాయని
అడిగినవాడు లేడు,
ఎవడి జేబులోంచీ పోలేదు గనక.
ఏడాదికోసారి దించి, చింతపండుతో తోమి
మళ్ళీ అటకెక్కించే గంగాళాలు ఈ మాటలు.
వాడకంలో మనకున్న పెద్ద సంఖ్య ఒక్కటే:
బోలెడు.
ఒక బోలె నిండా. అంతే దానర్థం.
ఎప్పుడో ఎవరింట్లోనో
ఒక్క మట్టి బోలె నిండడమే
లెక్కకందని సంగతి అయుంటుంది.

చోడిపల్లి దేవిక లేచింది,
చెంగలరావుపేట పిల్ల.
"శంఖం లెక్క కాదండి మాస్టారూ,
మాయమ్మ అమ్ముతాది.
సబ్‌మెరైన్ కాడ. ఊదేదైతే రెండొందలు,
ఊదందైతే ఎనభై.
బేరమాడితే అరవైకిచ్చేస్తాది."
క్లాసంతా నవ్వింది. నేనూ నవ్వాను.
శంఖం పక్కన సున్నలన్నీ చెరిపి
అరవై అని రాశాను.

తర్వాత పన్నెండు రోజులు ఆ పిల్ల రాలేదు.

వచ్చిన రోజు, అన్నం బెల్లు కొట్టాక,
నా బల్ల దగ్గర నిలబడి
బొగ్గుదుమ్ములో వేలితో గీతలు గీస్తూ
"అర్బుదానికి ఎన్ని సున్నలండి?" అంది.
ఎనిమిది అనబోయి, తొమ్మిదేమోనని ఆగి,
ఎందుకూ అన్నాను.
"కేజీహెచ్‌లో గోడ మీద రాసుందండి.
మాయమ్మకి అదేనంట.
సదువొచ్చు కదా అని నాసేత సదివించారు.
గట్టిగా సదివేనండి,
మీరు సెప్పినట్టే."

నిఘంటువులో ఆ మాటకు రెండో అర్థం ఉంది.
ఉందని నాకు తెలుసు.
ఆ రోజు చెప్పలేదు,
వరుస చెడుతుందని.
పాతవాళ్ళు ఆ రెంటికీ ఒకే పేరెందుకు పెట్టారో,
పెరుగుతూ పోయేదాన్ని చూసి
ఇంకో మాట వెతికే ఓపిక లేకపోయిందో ఏమో.

"ఎంతుందట?" అన్నాను.
ఎందుకడిగానో నాకే తెలీదు.
"సింతగింజంత."
వేలి కొసన బొటనవేలు ఆనించి చూపించింది.
అంతే ఉంది అర్బుదం.
నా పదహారు పేర్లూ దాని వెనకాల
గొంతులోనే నిలబడిపోయాయి.

ఆ తర్వాత మాట్లాడింది తనే.
కరెంటు పెడతారట, ఇరవై ఎనిమిది సార్లు.
ఆదివారం ఉండదట.
"ఇరవై ఎనిమిదీ అనగానే
ఆటోలో ఒకటే ఏడుపండి మాయమ్మ,
బీచిలో సోటు ఇంకెవలైనా పట్టేస్తారని.
గవ్వలైతే పుంజీల్లో లెక్కెడతాది కదా,
నాలుగేసి, నాలుగేసి.
అందుకని సెప్పేను,
ఏడు పుంజీలేనే అమ్మా అని.
ఏడేనా? అంది.
ఏడే అన్నాను.
ఓ పుంజీ అయిపోనాదండి నిన్నటితో."

బెల్లు కొట్టారు. వెళ్ళిపోయింది.
అన్నం తిన్న చేతులతో పిల్లలు
బోలెడుమంది లోపలికొచ్చారు.
నా బల్ల మీద దుమ్ములో
నాలుగు గీతలున్నాయి.

మర్నాడు బల్లలు తుడిచే కుర్రాణ్ణి
నా బల్ల జోలికి రావద్దన్నాను.
ఎందుకని వాడు అడగలేదు.
వెళ్ళి కిటికీ తీశాడు.